కట్టులోంచి వచ్చిన చిగురు

పక్కింటి అంకుల్ పోయారని మార్చి నెలాఖర్లో ఒక మధ్యాహ్నం సిడ్నీ నుంచి వాళ్ల అమ్మాయి ఫోన్ చేసింది. "నాన్న పోయారక్కా. హార్ట్. హాస్పిటల్‌కి తీసుకెళ్లే టైమ్ కూడా లేదు," అంది. ఇలాంటప్పుడు అనాల్సిన మాటలు నాకూ తెలుసు. కానీ నా నోట్లోంచి ముందు వచ్చింది అవి కాదు. "అయ్యో, కాయలు ఇంకా పండనే లేదే," అన్నాను. వేరే ఎవరైనా అయితే ఫోన్ పెట్టేసేవాళ్లు. ఆ అమ్మాయి మాత్రం "ఐ నో అక్కా, ఐ నో," అంటూ ఏడ్చింది.

ఆ కాయల సంగతి చెప్పాలనే ఇది రాస్తున్నాను. మా ఇళ్లుండే క్లేటన్‌లో మన ప్రార్థన కూటానికి వచ్చేవాళ్లలో చాలామందికి ఆయన గుర్తుండే ఉంటారు. హాల్లో కుర్చీలు సర్దిపెట్టే అంకుల్. టీ అయ్యాక "గ్యాస్ కట్టేశారా, చూశారా, ఇంకోసారి చూడండి" అని అందరి ప్రాణం తీసే అంకుల్. ఇక్కడ ఎండలు మండే ఫిబ్రవరిలో కూడా గొడుగు లేకుండా కదలని మనిషి. ఆయన జాగ్రత్తల్ని చూసి చాటుగా నవ్వుకున్నవాళ్లు మనలో చాలామందే ఉన్నారు, నాతో సహా.

నేను పిరికిదాన్ని. ఈ మాట చెప్పుకోవడానికి సిగ్గుపడటం అంకుల్ దగ్గరే మానేశాను. ఎనభై తొమ్మిదిలో తెనాలి నుంచి వచ్చి ఇక్కడ దిగినప్పుడు నాకు భయం వెయ్యనిదంటూ లేదు. చెత్తడబ్బా మూత కింద విషమున్న ఎర్రవీపు సాలీడు ఉంటుందని భయం. ఫోన్ మోగితే ఇంగ్లీషులో మాట్లాడాలని భయం. మావారి ఫ్యాక్టరీలో మనుషుల్ని తీసేస్తున్నారని విన్న దగ్గర్నుంచి, ఆయన కారు రోజూ కంటే కాస్త ముందు వాకిట్లోకి వస్తే గుండె జారిపోయేది.

వచ్చిన కొత్తలో ఒక సాయంత్రం ఇంటి పైకప్పు మీద ఎవరో బూట్లేసుకుని నడుస్తున్నట్టు చప్పుడైంది. మావారు ఇంకా రాలేదు. కంచె దగ్గరికి పరిగెత్తి పక్కింటాయన్ని పిలిచాను. అప్పటికి ఆయన తెలుగువారని తప్ప నాకేమీ తెలీదు. ఆయన గొడుగు పట్టుకుని వచ్చారు. మా వాకిట్లో నిలబడి పైకప్పు వైపు చూశారు, తర్వాత నా వైపు చూశారు. "నువ్వు ముందు నడువమ్మా. నాక్కూడా భయమే," అన్నారు. ఒకరి వెనక ఒకరం ఇల్లంతా చుట్టి వచ్చేసరికి పొగగొట్టం పక్కనుంచి ఒక పోసమ్, పిల్లంత ఉండే చెట్లెక్కే జంతువు, తోక వేలాడేసి మమ్మల్ని తాపీగా చూస్తోంది. అరవై దాటిన మగమనిషి తనకి భయమని అంత మామూలుగా చెప్పగా నేను అంతకుముందు వినలేదు. అదేమిటో, ఆ రోజు నుంచి ఆయన పక్కన ఉంటే నాకు ధైర్యంగా ఉండేది.

ఆయనది నూజివీడు దగ్గర. చిన్నప్పుడు వాళ్ల మేనమామ మామిడి తోటలో అంట్లు కట్టడం నేర్చుకున్నారు. ఆంటీ నర్సు. ఆవిడ ఉద్యోగం మీదే డెబ్భైల్లో ఇక్కడికొచ్చారు. అంకుల్ ఒక గోడౌన్‌లో స్టోర్స్ చూసి రిటైరయ్యారు. మేం వచ్చేసరికి ఆంటీ పోయి రెండేళ్లు దాటింది. కూతురు పెళ్లి చేసుకుని సిడ్నీలో బ్లాక్‌టౌన్ వైపు ఉండేది. అద్దె ఇంట్లో అంకుల్ ఒక్కరే, ఆయనకి తోడు పెరట్లో ఒక యాపిల్ చెట్టు.

ఆ చెట్టు ఆంటీది. దాని కథ ఆయన నాకు ఎన్నిసార్లు చెప్పారో. వచ్చిన మొదటి ఏడాది ఇద్దరూ రైలెక్కి ఊరి చివర కొండల వైపు వెళ్తే, ఒక ముసలావిడ తన దొడ్లో కాయ ఒకటి కోసి ఆంటీ చేతిలో పెట్టిందట. పైకి చూడ్డానికి ఏమీ ఉండదు, మురికి ఆకుపచ్చ, ఒక పక్క కాస్త పసుపు. ఆంటీ కొరికి, "దోరజామకాయలా కరకరలాడుతోందండీ, చివర్లో రేగుపండు పులుపు," అందట. వచ్చాక ఆవిడ ఇష్టంగా తిన్న మొదటి తిండి అదేనని అంకుల్ చెప్పేవారు. ఆ ముసలావిడకి కూడా అది ఏ రకమో తెలీదు. సరే, అంటు కట్టడం నాకు వచ్చుగా అని ఆయన అక్కణ్ణుంచి కొమ్మ తెచ్చి, పెరట్లో నాటిన యాపిల్ మొక్కకి, మామిడికి కట్టినట్టే ఎండాకాలం ఆకులతో సహా కట్టారు. వారంలో ఎండిపోయింది. మళ్లీ కట్టారు, మళ్లీ ఎండింది. చివరికి ఆ ముసలావిడే చలికాలం పిలిచి, మోడుగా ఉన్నప్పుడు పుల్లలు కోసి ఇచ్చింది. అవి పట్టాయి. "మామిడిది మెలకువగా ఉండగా చేసే ఆపరేషన్. యాపిల్‌కి మత్తు ఇవ్వాలి. చలే మత్తు," అని నాకు చెబుతూ, ఈ మాట మీ ఆంటీది, నర్సు కదా అనేవారు.

తర్వాత కొన్నేళ్లకి ఆ కొండల్లో కార్చిచ్చు వచ్చింది. ముసలావిడ బతికిందిగానీ ఇల్లూ దొడ్డీ పోయాయి. అలా ఆ రకానికి క్లేటన్‌లో ఆంటీ పెరట్లో ఉన్న చెట్టు తప్ప ఇంకోటి ఉన్నట్టు ఎవరికీ తెలీదు. నర్సరీల్లో అడిగితే పేరు చెప్పమనేవాళ్లు. పేరు లేదు.

తొంభైలో, జూన్ వచ్చి ఇక్కడ చలికాలం మొదలవుతుండగా అంకుల్ కంచె దగ్గరికొచ్చి, ఇల్లు అమ్మేశారట అన్నారు. కొన్నవాళ్లు పడగొట్టి యూనిట్లు, అంటే వరసగా చిన్నచిన్న ఇళ్లు, కడతారు. జులై ఆఖరుకి ఖాళీ చెయ్యాలి. కూతురు సిడ్నీ వచ్చెయ్యమంటోంది. "నేను ఎక్కడైనా ఉంటానమ్మా. చెట్టు రాదుగా," అన్నారు. ఆయన గొంతులో ఏడుపు లేదు. చలికి వణికినట్టు చిన్న వణుకు ఉంది. అది నాకు బాగా తెలిసిన వణుకు.

మా పెరట్లో కంచె వారన ఒక అడవి యాపిల్ ఉండేది, ఎవరో తిని పారేసిన గింజ మొలిచింది. దాని కాయలూ ఆకుపచ్చగానే ఉండేవిగానీ చేదు, పిట్టలు కూడా సగం కొరికి వదిలేసేవి. అంకుల్ దాని చుట్టూ తిరిగి, కొమ్మలు వంచి చూసి, "దీని మీద కడదాం," అన్నారు. అయితే అది ఆగస్టు దాటి, మొగ్గలు ఉబ్బేటప్పుడు చెయ్యాల్సిన పని. అప్పటికి ఆంటీ చెట్టు ఉండదు. కాబట్టి పుల్లలు జులైలోనే కోసి, తడి న్యూస్‌పేపర్లో చుట్టి, ప్లాస్టిక్ సంచిలో పెట్టి, ఫ్రిజ్‌లో దాచాలి. ఆయన ఫ్రిజ్ పాతది, పెట్టినవన్నీ గడ్డకట్టించేది. అందుకని మా ఫ్రిజ్‌లో కూరగాయల అర ఖాళీ చేశాను. మావారు తలుపు తీసి "ఇదేమిటి, కట్టెల మోపా?" అన్నారు. నాకైతే ఆ రోజు నుంచి కరెంటు పోతుందేమోనని కొత్త భయం పట్టుకుంది.

ఆ తర్వాత నాకు జ్వరం వచ్చింది. మామూలు ఫ్లూ కాదు, ఊపిరితిత్తుల్లోకి దిగింది. మంచం మీద ఉన్నాను. అంకుల్ చూడ్డానికి వచ్చారు. జబ్బు మనిషిని చూడ్డానికి ఉత్తచేతుల్తో వెళ్లడం మనకి తెలీదు కదా. ఆయన గ్యారేజీలో గడ్డిలో దాచుకున్న ఆంటీ చెట్టు పళ్లు, ఆ ఏటివి, చివరివి, సంచిడు తెచ్చారు. "తిను తల్లీ, బలం వస్తుంది," అని నాకు చూపించి, పాడవకుండా స్వయంగా తీసుకెళ్లి ఫ్రిజ్‌లో పెట్టారు.

నేను వాటిని ముట్టుకోలేదు. కారణం చెబితే మీలో కొందరికైనా అర్థమవుతుంది. నా చిన్నప్పుడు మా ఇళ్లలో యాపిల్ తినే పండు కాదు. అది జబ్బు పండు. మా నాన్నకి కామెర్లు వచ్చినప్పుడు చూడ్డానికి వచ్చిన ప్రతివాళ్లూ కాగితం సంచిలో యాపిల్స్ తెచ్చారు. మంచం పక్కన స్టూలు మీద అవి పెరుగుతూ పోయాయి, నాన్న తగ్గుతూ పోయాడు. ఆయన పోయాక కూడా ఆ పళ్లు ఇంట్లో వాసన వేస్తూనే ఉన్నాయి. అప్పట్నుంచి ఎవరైనా యాపిల్ తెచ్చి నా చేతిలో పెడితే, ఈ మనుషులకి నా గురించి ఏదో తెలిసిందని, నాకు చెప్పడం లేదని అనిపిస్తుంది. ఆ జ్వరంలో మరీ అనిపించింది. సంచి అలాగే ఉండిపోయింది.

ఈలోగా జులై అయిపోయింది. అంకుల్ సామాను సిడ్నీ వెళ్లిపోయింది. ఆయన మాత్రం అంటు కట్టేదాకా మా ఇంట్లో ముందుగదిలో ఉండిపోయారు. ఒక ఉదయం పక్కింట్లోకి పసుపుపచ్చ యంత్రం వచ్చింది. అంకుల్ చూడనని కిటికీ తెర వేసేశారు. చప్పుడు మాత్రం వినిపిస్తూనే ఉంది. ఇల్లు పడగొట్టే చప్పుడు చాలాసేపు సాగింది. చెట్టుది అసలు తెలియనే లేదు. మధ్యాహ్నం నేను బట్టలు ఆరెయ్యడానికి వెళ్తే కంచెకి అవతల ఆకాశం ఖాళీగా ఉంది.

ఆగస్టు చివర్లో ఒక శనివారం అంకుల్ టీ తాగుతూ రేడియోలో తోటల కార్యక్రమం వింటున్నారు. ఎవరో ఫోన్ చేసి అంటు పుల్లలు దాచడం గురించి అడిగారు. రేడియోవాడు అన్నీ చెప్పి, ఆఖర్న మామూలుగా, పండిన యాపిల్స్ ఉన్న ఫ్రిజ్‌లో మాత్రం పెట్టకండి, పళ్లలోంచి వచ్చే వాయువుకి మొగ్గలు చచ్చిపోతాయి అన్నాడు. అంకుల్ కప్పు కింద పెట్టారు. లేచి ఫ్రిజ్ తలుపు తీశారు. పుల్లల సంచి, దాన్ని ఆనుకునే పళ్ల సంచి. నేల మీద కూర్చుండిపోయారు. ఫ్రిజ్ తలుపు తెరిచే ఉంది, లోపలి చలి ఆయన మొహానికి కొడుతోంది. "నా చేత్తోనే పెట్టాను," అన్నారు. నేను తినలేదు కాబట్టే కదా అవి అన్నాళ్లు అక్కడున్నాయి అని ఏదో చెప్పబోతే విన్లేదు. "పళ్లు తెచ్చినవాడిది తప్పుగానీ జ్వరమొచ్చినదానిదా?" అన్నారు.

గోటితో ఒక్కో పుల్ల బెరడు గీకి చూశారు. లోపల పచ్చగానే ఉంది. మొగ్గలు బతికున్నాయో లేదో పచ్చదనం చెప్పదట. మావారు సర్దిచెప్పబోయారు, రేడియోవాళ్లు అన్నీ అలాగే చెబుతారు అంకుల్, నో వరీస్ అని. అంకుల్ ఆయన వైపు జాలిగా చూశారు.

సెప్టెంబరు మొదట్లో అంటు కట్టారు. ముందు బ్లేడు వేడినీళ్లలో మరగబెట్టారు. తర్వాత ఆంటీ కళ్లజోడు పెట్టుకున్నారు. అది ఆయన జోడు కంటే దళసరి, దగ్గరి వస్తువులు పెద్దగా కనిపిస్తాయని దాచుకున్నారు. బ్లేడు ఎత్తి, కొమ్మ దాకా తెచ్చి, మళ్లీ కింద పెట్టారు. "ఇవాళ వద్దులెండి, రేపు చేద్దాం," అన్నాను. "రేపైతే ధైర్యమొస్తుందా? భయపడే పని భయపడుతూనే చెయ్యాలమ్మా. భయం ఉంటే చెయ్యి ఒళ్లు దగ్గర పెట్టుకుంటుంది," అన్నారు. కళ్లు మూసుకుని ఒక్క నిమిషం ప్రార్థన చేసుకున్నారు. అడవి చెట్టు కొమ్మ కోసి, నడిమికి చీల్చి, పుల్ల మొదలు మేకులా చెక్కి చీలికలో దించారు. బెరడు కింది పచ్చ పొరకి పచ్చ పొర తగలాలి, వెంట్రుకంత తేడా వచ్చినా పట్టదు. నాలుక బయటపెట్టి చూస్తున్న నన్ను చూసి, "నోరు మూసుకో, ఈగ దూరుద్ది," అన్నారు. ప్లాస్టిక్ పట్టీతో బిగించి, పళ్లతో ముడి లాగి, కొవ్వొత్తి కరిగించి పూశారు. ఉన్న కొమ్మలన్నిటికీ కట్టారు. మర్నాడు సిడ్నీ బస్సెక్కారు. ఎక్కేముందు, "నువ్వు డాక్టరువి కాదు, నర్సువి. కదిలించకు, విప్పి చూడకు, కనిపెట్టుకుని ఉండు చాలు," అని చెప్పారు.

ఆదివారం సాయంత్రం ఫోన్ చేసేవారు. అవే నా బతుకులో ఎక్కువ భయపడ్డ ఆదివారాలు. అడవి చెట్టు కింది భాగం చిగుళ్లేసింది. మా వీధిలో అందరి చెట్లూ పూశాయి. ఆంటీ పుల్లలు మాత్రం అలాగే ఉన్నాయి. తర్వాత ఒకటి నల్లబడింది. తర్వాత ఇంకోటి. మొగ్గ మీద వేలు పెడితే పొడిలా రాలిపోయింది. చిగురేసిందని చెప్పెయ్యి, ఆ పెద్దాయన సంతోషిస్తాడు కదా అని మావారు. నాకు అబద్ధం చెప్పడానికి కూడా భయమే. "ఇంకా తెలీడం లేదంకుల్," అనేదాన్ని. "భయంగా ఉందా?" అనేవారు. "ఉంది." "నాకూ ఉంది. పోన్లే, ఇద్దరం ఉన్నాం."

అక్టోబరు ఆఖరుకి ఒక్క పుల్ల తప్ప అన్నీ ఎండిపోయాయి. ఆ ఒక్కదానికీ పై మొగ్గలు చచ్చిపోయాయి. ఒక ఆదివారం పొద్దున చర్చికి బయల్దేరుతూ చూస్తే, దాని కట్టు దగ్గర మైనం చిట్లి, లేత ఆకు కొన ఒకటి బయటికొచ్చి ఉంది. ఆ రోజు ప్రసంగంలో ఒక్క మాట నా చెవిన పడలేదు. సాయంత్రం ఫోన్ మోగగానే చెప్పాను. ఆయన చాలా మెల్లగా, "కట్టుకి పైనా, కిందా?" అని అడిగారు. పైనుంచి వస్తే ఆంటీది. కింద నుంచి వస్తే అడవిది. నేను అప్పటికే పదిసార్లు చూశాను. "పైనా కాదు, కిందా కాదంకుల్. కట్టులోంచే వచ్చింది," అన్నాను.

పుల్ల మొదట్లో దాగిన మొగ్గ కావచ్చు, అడవి కొమ్మ అంచున నిద్రపోయిన మొగ్గ కావచ్చు. విప్పి చూస్తే ఆ లేతది తెగిపోతుంది. "విప్పకు. కాయ కాస్తేగానీ తెలీదు," అన్నారు అంకుల్. కాయ కాయడానికి రెండేళ్లో మూడేళ్లో పడుతుందట. ఆయనకి అప్పటికే గుండెకి మాత్రలు నడుస్తున్నాయి. ఆ సంగతి ఇద్దరికీ తెలుసుగానీ ఎవరమూ ఎత్తలేదు.

ఆ కొమ్మని ఎలా కాచానో నాకే తెలుసు. పోసమ్‌లు ఎక్కకుండా మొదలుకి రేకు చుట్టాను. గాలి ఎక్కువైతే పాత చీర ముక్కతో వాసానికి కట్టాను. తొంభై ఒకటిలో నాలుగు పూలు పూస్తే, బలం తగ్గుతుంది గిల్లెయ్యమన్నారు. గిల్లేశాను, ఏడుస్తూ. ఆ ఏడే మావారి ఉద్యోగం పోయింది. ఇల్లు నిలుపుకుంటామో లేదో తెలీని నెలల్లో, ఇల్లు పోతే కొమ్మ గతేమిటని నేను అడిగితే మావారికి కోపమొచ్చింది. ఆయనకి మళ్లీ పని దొరికేసరికి కోత మచ్చ మానిపోయి, ఎక్కడ ఏది అతుక్కుందో కంటికి ఆనకుండా పోయింది.

కిందటి సెప్టెంబరులో, ఇక్కడి వసంతంలో, పూసి, రెండు కాయలు నిలిచాయి. ఆకుపచ్చగా, అడవి కాయల్లాగే ఉన్నాయి. రంగు చెప్పమనేవారు అంకుల్ ప్రతి ఆదివారం. పచ్చగానే ఉన్నాయనేదాన్ని. "మీ ఆంటీది మే నెల దాకా పండదు. మేలో వస్తాను. నేనే కోస్తాను," అన్నారు. మార్చిలో పోయారు.

సిడ్నీలో సమాధి దగ్గర నిలబడినప్పుడు నాకు ఏడుపు కంటే భయమే ఎక్కువ వేసింది. ఆ కాయ ఏదో ఇప్పుడు చెప్పగలిగేవాళ్లు ఎవరు? ఆంటీ కాయ రుచి నేను ఎన్నడూ చూడలేదు. ఇన్నాళ్లూ ఆ మనిషిని ఒక అడవి కొమ్మ కోసం ఎదురుచూసేలా చేశానేమో. ఆ ఆలోచన రెండు నెలలు నన్ను తిననివ్వలేదు.

మేలో వాళ్లమ్మాయి ఒక్కతే వచ్చింది. ఆ కాయలు తింటూ పెరిగిన పిల్ల, ఆ సంగతి నాకు అప్పటిదాకా తట్టనే లేదు. పక్కన ఇప్పుడు ఇటుక యూనిట్లు, చెట్టు ఉన్నచోట ఎవరిదో తెల్లకారు. ఆ అమ్మాయి కంచె మీంచి కాసేపు చూసి, మా చెట్టు దగ్గరికొచ్చింది. కాయలకి ఒక పక్క పసుపు తిరిగింది. అడవివి కూడా ఒక్కోసారి అలా తిరుగుతాయని నేను ముందే చెప్పాను, ఆశ పెట్టుకోకని. ఒకటి కోసి, స్వెటర్‌కి తుడుచుకుని, కొరికింది.

కళ్లు మూసుకుని చాలాసేపు నమిలింది. మింగాక కూడా కళ్లు తెరవలేదు. తర్వాత తల ఊపింది, ఒకసారి, మళ్లీ ఒకసారి. "ఇట్స్ మమ్స్," అంది. మొహమంతా నవ్వు. "అక్కా, నాన్నకి చెప్పాలి," అని గబగబా ఇంట్లో ఫోన్ ఉన్న వైపు నడిచింది. నేనూ ఆమె వెనకే నడిచాను. వంటింటి మెట్టు మీద కాలు పెట్టి ఆ అమ్మాయి ఆగిపోయింది. కొరికిన కాయ చేతిలో ఉంది, రసం మణికట్టు దాకా కారుతోంది. తలుపు తీసే ఉంది. ఇద్దరం అక్కడే నిలబడ్డాం.